రంగం నెమలి



ఇచ్ఛాపురంలో మా వీధి చివరింట్లో ఒక పెద్దావిడ ఉండేది. చుట్టరికం దూరమే గాని పెద్దమ్మా అని పిలిచేవాణ్ణి. ఆవిడ మంచం కింద తమలపాకుల పెట్టె ఒకటి. ఆ పెట్టెలో, సున్నం డబ్బీ పక్కన, గుడ్డలో చుట్టిన వెండి బిళ్ళ. మన పాత వెండి రూపాయంత ఉంటుంది. పైన వెండి కొక్కెం అతికించి ఉంది, అంటే ఒకప్పుడు ఎవరి మెడలోనో ఉండేదన్నమాట. ఒకవైపు పురి విప్పిన నెమలి. చుట్టూ గుండ్రటి అక్షరాలు, జంతికలు పిండినట్టు. తెలుగు కాదు, ఒడియా కాదు. రెండోవైపు ఆకుల దండ, దండ మధ్య మళ్ళీ అవే అక్షరాలు. నెమలి పొట్ట అరిగి నున్నగా అయిపోయింది. పింఛంలో కళ్ళు మాత్రం వేలితో తడిమితే తగిలేవి. ఆ కళ్ళ సందుల్లో సున్నం పట్టి గట్టిపడిపోయింది. ఎన్నిసార్లు చింతపండుతో తోమినా అది పోలేదు.

"ఇదేటి పెద్దమ్మా?" అంటే, "రంగం నెమల్రా బాబూ. మా అత్త మెళ్ళోది" అనేది.

మన వైపు వాళ్ళకి చెప్పక్కర్లేదు. దూరాన వింటున్నవాళ్ళ కోసం చెబుతున్నాను. ఇచ్ఛాపురం, కవిటి, సోంపేట, బారువ, ఇటు పలాస, టెక్కలి దాకా పాతకాలం మనుషుల నోట రంగం అంటే నాటకాలాడే చోటు కాదు, యుద్ధం చేసే చోటూ కాదు. రంగం అంటే రంగూన్. బర్మా దేశపు రేవు పట్నం. "రంగమెల్లిపోనాడు" అంటే ఆ మనిషి మళ్ళీ ఎప్పుడొస్తాడో ఎవరికీ తెలీదని అర్థం. ఈ రోజు నా మాటలు ఆ దేశపు జెండాల గురించి. జెండాలు అని బహువచనంలోనే అంటున్నాను. వందేళ్ళు తిరక్కుండా ఎన్నో జెండాలు మార్చిన దేశం అది. ఆ జెండాల గుడ్డలో మన తీరం వాళ్ళ పోగులు కూడా రెండు మూడు ఉన్నాయి.

ముందు మనవాళ్ళు అక్కడికి ఎందుకు వెళ్ళారో చూద్దాం. ఉద్దానంలో కొబ్బరి తోట, జీడి తోట ఉన్నవాడి సంగతి వేరు. వాన తప్పితే గింజ తప్పే మెట్ట చెక్క ఉన్నవాడు, అదీ లేనివాడు ఏం చేస్తాడు? మేస్త్రీ ఊళ్ళోకి వచ్చి బయానా ఇచ్చేవాడు. ఆ బయానాతో అప్పు తీర్చి, ఇంట్లో గింజలు పోసి, మనిషి బయల్దేరేవాడు. బారువ, కళింగపట్నం, గోపాల్‌పూర్ రేవుల్లో పొగ ఓడ దూరంగా లంగరు వేసుకుని ఉండేది. మసూలా పడవల్లో అలలు దాటించి ఎక్కించేవాళ్ళు. టికెట్టు డెక్కు మీదే. ఎండొచ్చినా వానొచ్చినా అక్కడే వంట, అక్కడే పడక. బారువ దగ్గర సముద్రం అడుగున చిల్కా అనే ఆవిరి ఓడ శిథిలాలున్నాయి, 1917లో మునిగింది. ఈమధ్య ఈతగాళ్ళు గాలి సిలిండర్లు కట్టుకుని దిగి చూసి వస్తున్నారు. వేడుక బాగుంది. ఆ కాలపు ఓడల్లో మన వాళ్ళకి దక్కిన చోటు డెక్కే అని కూడా అక్కడ ఒక బోర్డు రాస్తే ఇంకా బాగుంటుంది.

రంగూన్‌లో మనవాళ్ళ పని రేవులో బస్తాలు మొయ్యడం, బియ్యం మిల్లుల్లో చెయ్యడం, రిక్షా లాగడం, వీధులూ పాయఖానాలూ శుభ్రం చెయ్యడం. బర్మా వాళ్ళు మనవాళ్ళని కోరంగీలు అనేవారు. కాకినాడ దగ్గరి కోరంగి రేవు నుంచి పూర్వం వెళ్ళినవాళ్ళ పేరు తరవాత వెళ్ళిన అందరికీ తగిలింది. 1931 జనాభా లెక్కలప్పుడు రంగూన్‌లో 4 లక్షల పైచిలుకు జనం ఉంటే అందులో 2 లక్షల 12 వేల మంది భారతీయులే. సగానికి మించి. సొంత పట్నంలో తామే తక్కువైపోయిన బర్మా వాడి కడుపులో ఏముంటుందో మనం ఊహించుకోవచ్చు.

అప్పటికి అది పరాయి దేశం కూడా కాదు. బర్మా బ్రిటిష్ ఇండియాలో ఒక రాష్ట్రం. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడింది. బరంపురం అటు వెళ్ళింది, ఇచ్ఛాపురం ఇటు మద్రాసులో మిగిలింది, మన ఇంటి వెనకాల సరిహద్దు పడింది. సరిగ్గా ఏడాదికి, 1937 ఏప్రిల్ 1న, బర్మాని ఇండియా నుంచి విడదీశారు. మన ఇంటి ముందరి సముద్రం మీదా సరిహద్దు పడింది. ఒక్క ఏడాది తేడాలో అటొక గీత, ఇటొక గీత. బాహుదా అవతల కూతుర్ని ఇచ్చినవాడూ, రంగంలో కొడుకున్నవాడూ, ఇద్దరూ ఒకే ఏప్రిల్ లెక్కలో చిక్కుకున్నారు.

సరే, నెమలి దగ్గరికొద్దాం.

పెద్దమ్మ దగ్గరున్న బిళ్ళ మిండాన్ రాజు కాలపు నాణెం. 19వ శతాబ్దం నడిమిలో మాండలేని కట్టినవాడు ఆ రాజు. నెమలి బర్మా రాజవంశపు గుర్తు. తమది సూర్యవంశం అని ఆ రాజులు చెప్పుకునేవారు, నెమలి సూర్యుడి పక్షి అని వాళ్ళ నమ్మకం. మనకి నెమలి అంటే కుమారస్వామి వాహనం, కృష్ణుడి తలమీద ఈక. వాళ్ళకది సింహాసనం. 1885లో ఇంగ్లీషువాళ్ళు మాండలే పట్టుకుని ఆఖరి రాజు తీబోని ఓడెక్కించి రత్నగిరి పంపేశారు. రాజుని పంపేసినవాళ్ళు నెమలిని మాత్రం వదల్లేదు. బర్మాని ఇండియా నుంచి విడదీశాక వలస ప్రభుత్వానికి ఒక జెండా కావలసి వస్తే, తమ నీలం గుడ్డ మీద ఒక మూల తమ యూనియన్ జాక్ పెట్టుకుని, ఇంకోవైపు ఈ నెమలిని తగిలించారు. ఇల్లు గుంజుకుని గుమ్మానికి పాత యజమాని ఇంటిపేరు ఉంచినట్టు.

నెమళ్ళలో కూడా రెండు రకాలున్నాయి అక్కడ. ఒకటి పురి విప్పి ఆడే నెమలి. ఇది రాజుది. రెండోది పురి ముడుచుకుని, మెడ సాచి, ఒక కాలెత్తి మీదికొచ్చే నెమలి. దాన్ని పోట్ల నెమలి అనుకుందాం. అది విద్యార్థులది, ఎదురు తిరిగినవాళ్ళది. ఈ రెండో నెమలి మళ్ళీ వస్తుంది, గుర్తుంచుకోండి.

ఇప్పుడు 1930 సంవత్సరం. నా మాటల్లో ముఖ్యమైన ముక్క ఇదే గనక కొంచెం నెమ్మదిగా చెబుతాను.

ఆ ఏడు మే 5న ఇక్కడ గాంధీగారిని అరెస్టు చేశారు. అదే రోజు అక్కడ పెగూలో పెద్ద భూకంపం వచ్చింది, రంగూన్ కూడా ఊగిపోయింది. ఆ రోజుల్లోనే రంగూన్ రేవులో కూలీలు కూలి పెంచమని సమ్మెకట్టారు. ఆ కూలీల్లో ఎక్కువమంది తెలుగువాళ్ళు. ఓడలు నిలిచిపోయాయి. ఓడల వ్యాపారం నిలిస్తే కంపెనీలు ఊరుకుంటాయా? బర్మా కూలీల్ని తెచ్చి పనిలో పెట్టారు. వాళ్ళకీ ఆ పని అవసరమే. ఊళ్ళో పని లేక, భూములు వడ్డీలకి పోయి పట్నం చేరినవాళ్ళు. ఎన్నాళ్ళకో రేవులో పని దొరికిందని సంతోషించారు. రెండు వారాలు గడిచాయి. కంపెనీలు తెలుగు కూలీలతో రాజీకొచ్చి కొంత కూలి పెంచాయి. మే 26 పొద్దున్న బర్మా కూలీలు ఎప్పటిలాగే పనికొచ్చారు, పెళ్ళాలు అన్నం మూటలు పట్టుకుని వెంట వచ్చారు. మీతో పని అయిపోయింది పొమ్మన్నారు. ముందుగా చెప్పినవాడు లేడు. పక్కనే తెలుగు కూలీలు బస్తాలెత్తుకుంటున్నారు. ఎవరో నవ్వారని ఒక మాట ఉంది. నవ్వే ఉంటారు. మనుషులు కదా.

అక్కడ మొదలైన కొట్లాట రోజుల తరబడి సాగింది. మనవాళ్ళు ఒక్కో గదిలో పదులమంది పడుకునే ఇరుకు బసల మీద కత్తులతో పడ్డారు. వంద మందికి పైగా చచ్చిపోయారు, 900 మంది దాకా దెబ్బలు తిన్నారు. చచ్చినవాళ్ళలో ఎక్కువమంది మన కోస్తా వాళ్ళే. ఏ ఊరివాళ్ళో, ఏ ఇంటివాళ్ళో రాసిపెట్టినవాడు లేడు. నాలుగు నెలల జీతం పంపి, తరవాత ఉత్తరం ముక్క రాని కొడుకులు చాలా ఊళ్ళకి ఉన్నారు.

ఈ కొట్లాటలో రెండు పక్షాలూ పేదవాళ్ళే. వాళ్ళ మధ్య పని పంచినవాళ్ళు ఆ రోజు రేవులో కనపడలేదు. చరిత్ర పుస్తకాలు దీన్ని బర్మా వాళ్ళకీ భారతీయులకీ జరిగిన అల్లర్లు అంటాయి. నాకైతే అది కూలి తగాదా. దాన్ని జాతి తగాదాగా తిప్పినవాళ్ళు కంపెనీలకి పెద్ద సాయమే చేశారు.

ఆ కొట్లాట వేడి చల్లారకముందే బా తాంగ్ అనే యువకుడు ఒక కరపత్రం అచ్చేశాడు. దేశం మనది, భాష మనది, వీటిని మనమే కాపాడుకోవాలి అని దాని సారాంశం. దాని వెనకే దొబామా అసియాయోన్ అనే సంఘం పుట్టింది. దొబామా అంటే 'మనం బర్మావాళ్ళం'. దొరల్ని పిలవడానికి వాడే 'తకిన్' అనే మాటని ఈ కుర్రాళ్ళు తమ పేర్లకే తగిలించుకున్నారు, ఈ దేశానికి దొరలం మేమే అని. తరవాత్తరవాత ఆంగ్ సాన్, నూ లాంటివాళ్ళు ఈ సంఘంలోంచే నాయకులయ్యారు. సంఘానికి ఒక పాట వచ్చింది. దానికి బాణీ కట్టిన సయా టిన్నే 1947లో దేశానికి జాతీయగీతం ఇచ్చింది. సంఘానికి ఒక జెండా కూడా వచ్చింది. పసుపు, ఆకుపచ్చ, ఎరుపు, అడ్డంగా మూడు పట్టీలు.

ఈ మూడు రంగుల్నీ గుర్తుపెట్టుకోండి. ఈ రోజు బర్మా జెండాలో ఉన్నవి ఇవే. మన కూలీల నెత్తురు ఆరకముందు పుట్టిన సంఘం రంగులివి. మనమీద పగతో నేసిన జెండా అని నేననను. దొరమీద కోపంతో లేచిన కుర్రాళ్ళు వాళ్ళు, వాళ్ళ కోపం న్యాయం. కానీ ఆ కోపానికి మొదటి పుల్ల గీసింది రేవులో మన బస్తాల దగ్గర.

తరవాతి పదేళ్ళ సంగతి త్వరగా దాటేస్తాను. 1941 డిసెంబర్ 23న జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులేశాయి. రేవు కూలీలు గుంపులుగా చనిపోయారు. ఓడలో చోటు దొరికినవాళ్ళు ఓడెక్కారు, మన కూలీలకి చాలామందికి దొరకలేదు. నడిచారు. ప్రోమ్ మీదుగా కొండలు దాటి అరకాన్‌కి, అక్కణ్ణుంచి చిట్టగాంగ్‌కి. ఇంకొందరు మణిపూర్ వైపు. నాలుగైదు లక్షల మంది ఆ ఏడు దేశానికి తిరిగొచ్చారు, దారిలో కలరాతో, ఆకలితో వేలకి వేలు పోయారు. మా పెద్దమ్మ రంగంలోనే పుట్టింది. ఆ నడకలో రెండేళ్ళ పిల్ల, తల్లి చంకలో. నడిచొచ్చినవాళ్ళు ఇల్లు చేరేసరికి 1942 ఏప్రిల్ 6న విశాఖపట్నం మీదా, కాకినాడ మీదా అవే బాంబులు.

అక్కడ బర్మాలో ఏం జరిగింది? జపాన్ సైన్యంతో కలిసి వచ్చిన బర్మా కుర్రాళ్ళ సైన్యం డెల్టా ఊళ్ళలో తపాలా ఆఫీసులు పట్టుకుంది. బీరువాల్లో ఇంగ్లండు రాజు బొమ్మ ఉన్న స్టాంపులు కట్టలుగా ఉన్నాయి. కొత్తవి అచ్చెయ్యడానికి వ్యవధి లేదు. రాజు మొహం మీదే నల్ల సిరాతో నెమలి ముద్ర కొట్టి అమ్మేశారు. హెంజాడా, మ్యాంగ్‌మ్య ఊళ్ళలో అలా ముద్ర కొట్టిన స్టాంపులకి ఇవాళ సేకరించేవాళ్ళ దగ్గర మంచి ధర. నేనొకటి ఫోటోలో చూశాను. రాజు గడ్డం నెమలి తోక కింద కనబడుతూనే ఉంది.

1943 ఆగస్టు 1న జపాన్ వాళ్ళు బర్మాకి స్వతంత్రం ఇచ్చామన్నారు. జెండా అదే, దొబామా మూడు రంగులు, మధ్యలో పురి విప్పిన నెమలి. ఆర్నెల్లకి సుభాష్ చంద్రబోస్ తన ఆజాద్ హింద్ ప్రభుత్వాన్ని రంగూన్‌కి తెచ్చాడు. దాని జెండా చరఖా ఉన్న మన మూడు రంగులు. వెనక్కి రాలేక అక్కడే ఉండిపోయిన తెలుగు కూలీలు, అరవ కూలీలు ఆ జెండా కింద చేరారు, ఉన్నదేదో ఇచ్చారు. ఒకే పట్నంలో రెండు దేశాల స్వతంత్ర జెండాలు, రెంటికీ నీడ పట్టింది మూడో దేశపు సూర్యుడి జెండా. ఎవరి స్వతంత్రం ఎంతో ఆ నీడలో కొలవడం కష్టం. 1945 మార్చి 27న ఆంగ్ సాన్ సైన్యం జపాన్ మీదికే తిరిగింది. అప్పుడు పట్టుకున్నది ఎర్ర జెండా, మూల తెల్ల నక్షత్రం.

ఆ నక్షత్రమే 1948 జెండాలోకొచ్చింది. అసలు స్వతంత్రం అది. జనవరి 4, తెల్లవారుజామున 4 గంటల 20 నిమిషాలు. ఆ వేళ జ్యోతిష్కులు పెట్టింది. మన నెహ్రూ అర్ధరాత్రి అందుకున్నాడు, వాళ్ళు ముహూర్తం చూసుకుని నాలుగున్నర లోపల అందుకున్నారు. మనకిది వింతగా ఏమీ అనిపించదు, గృహప్రవేశాలన్నీ ఆ వేళకే చేసేవాళ్ళం గదా. యుద్ధమయ్యాక పెద్దమ్మ తండ్రి మళ్ళీ కుటుంబాన్ని రంగం తీసుకెళ్ళాడు. "సీకట్నే లేపీసినారు బాబూ మమ్మల్ని. సలి. మా నాయిన బుజంమీద ఎక్కించుకున్నాడు. ఎర్ర జెండా. మూల నీలం గడి. గడిలో సుక్కలు" అని చెప్పేది. ఎర్రగుడ్డ, పైన ఎడమ మూల ముదురు నీలం గడి, గడిలో ఒక పెద్ద తెల్ల నక్షత్రం, దాని మొనల సందుల్లో అయిదు చిన్న నక్షత్రాలు. పెద్దది దేశం. చిన్నవి దేశంలోని జాతులు: బర్మన్లు, షాన్‌లు, కచిన్‌లు, చిన్‌లు, కరెన్‌లూ కయాలూ. ఏ చుక్క ఎవరిదన్న లెక్క చెప్పేవాణ్ణి బట్టి కొంచెం మారుతుంది. మారడంలోనే గొడవంతా ఉంది. ఏడాది తిరిగీ తిరక్కుండా, 1949 జనవరిలో, కరెన్‌లు ప్రభుత్వం మీద తుపాకీ ఎత్తారు. ఆ యుద్ధం ఇప్పటికీ పూర్తికాలేదు. ప్రపంచంలో ఇంత పొడుగు అంతర్యుద్ధాలు బహు అరుదు.

చిన్న చుక్కగా ఉండడం ఇష్టంలేనివాడు ఏం చేస్తాడు? సొంత జెండా కుట్టుకుంటాడు. కరెన్‌ల జెండాలో ఉదయించే సూర్యుడు, కంచు డోలు. కచిన్‌ల జెండాలో అడ్డంగా పెట్టిన రెండు కత్తులు. చిన్‌ల జెండాలో కొమ్ముముక్కు పిట్టలు జంట. మోన్‌ల జెండాలో ఎగిరే బంగారు హంస, పెగూ పట్నపు పాత గుర్తు. షాన్‌ల జెండా మాత్రం పసుపు, ఆకుపచ్చ, ఎరుపు పట్టీలే, మధ్యలో నెమలికి బదులు తెల్లటి చందమామ.

1962 మార్చి 2న జనరల్ నె విన్ ప్రభుత్వాన్ని కూలదోశాడు. 1964లో దుకాణాలన్నీ సర్కారు పరం చేశాడు, ఆ మే నెలలోనే 50, 100 చాట్ల నోట్లు చెల్లవన్నాడు. దుకాణం ఉన్నవాడికి దుకాణం పోయింది, పరుపు కింద నోట్లున్నవాడికి నోట్లు పోయాయి. లక్షలమంది భారతీయులు ఓడలెక్కారు. విశాఖపట్నం కంచరపాలెంలో బర్మా క్యాంపు అనే పేట ఉంది, రోజూ ఆ స్టాపులో బస్సు దిగేవాళ్ళు చాలామందికి ఆ పేరెలా వచ్చిందో తెలీదు. అలా దిగినవాళ్ళ పేరది.

పెద్దమ్మ 1965లో మొగుడు, ఇద్దరు పిల్లలతో దిగింది. రేవులో సోదా గట్టిగా ఉంది, నగలు పోనివ్వడం లేదని తెలిసింది. అత్త మెడలో నెమలి బిళ్ళ విప్పి సున్నం డబ్బీలో అడుగున పెట్టి, పైన తడి సున్నం మెత్తింది. "ఆల్లు డబ్బీ తీసినారు. సున్నమే గదా అని మూసీసినారు. నా గుండె ఆగిపోనాది." పింఛం కళ్ళలోంచి ఎన్నాళ్ళకీ పోని సున్నం అదే.

వీళ్ళు వచ్చేశాక తొమ్మిదేళ్ళకి, 1974 జనవరి 3న, నె విన్ జెండా మార్చాడు. ఎరుపు అలాగే ఉంది, నీలం గడి అలాగే ఉంది. చుక్కలు తీసేసి 14 చిన్న నక్షత్రాలు చక్రంలా పేర్చారు, ఏడు రాష్ట్రాలకీ ఏడు డివిజన్లకీ ఒక్కోటి, అన్నీ ఒకే సైజు. వాటి మధ్య మిల్లు పళ్ళచక్రం, దానిమీద వరి కంకి. కార్మికులూ కర్షకులూ అన్నమాట. ఈ జెండా చూస్తే నాకు నవ్వూ వస్తుంది, ఇంకోటీ వస్తుంది. ఐరావతీ డెల్టా వరిని మిల్లాడించింది మనవాళ్ళు, బస్తాకెత్తింది మనవాళ్ళు, ఓడలో వేసింది మనవాళ్ళు. వాళ్ళని ఓడెక్కించి పంపేశాక జెండా మీదకి వరి కంకీ, మిల్లు చక్రమూ వచ్చాయి. అందరూ వచ్చేశారని కాదు. రంగూన్‌లో, మౌల్మీన్ వైపు పల్లెల్లో ఇప్పటికీ తెలుగువాళ్ళున్నారు. బర్మా పేర్లు పెట్టుకుని, ఇంట్లో తెలుగు మాట్లాడి, రామాలయాల్లో పిల్లలకి అక్షరాలు దిద్దిస్తున్నారు. ఆ జెండా కిందే వాళ్ళ పిల్లలు బడికెళ్ళారు.

ఇక్కడొక మాట పక్కకి చెప్పాలి. జెండా అసలు పని ఏమిటో మన డొంకూరు బెస్తవాళ్ళకి తెలిసినట్టు ఎవరికీ తెలీదు. వల వేసిన చోట బెండుకి కర్ర గుచ్చి గుడ్డపేలిక కడతారు. ఇది నా వల, తొక్కకు, అని. అంతే. సముద్రం మీద దేశాల గీత కనపడదు, జెండా దగ్గరికొచ్చాకే తెలుస్తుంది. 2018లో గుజరాత్ నుంచి వేటకెళ్ళిన మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల మత్స్యకారుల్ని పాకిస్తాన్ వాళ్ళు పట్టుకుపోయారు. 2020 జనవరిలో వాఘా దగ్గర గేటు దాటించి అప్పగించారు. రోజూ సాయంత్రం రెండు దేశాల సైనికులు కాళ్ళు నెత్తిదాకా ఎత్తి జెండాలు దించే చోటది. జనం చప్పట్లు కొట్టి చూసొచ్చే ఆ చోటు వాళ్ళకి ఏడాదికి పైగా పట్టిన ఇంటిదారి.

ఇహ 1987. నె విన్‌కి తొమ్మిది అంకె అచ్చొస్తుందని 45 చాట్లు, 90 చాట్ల నోట్లు అచ్చేయించాడు, పాత 25, 35, 75 చాట్ల నోట్లు చెల్లవన్నాడు. మార్చడానికి ఒక్క రోజు కూడా ఇవ్వలేదు. ఫీజు డబ్బు చిత్తుకాయితమైపోయిన విద్యార్థులు వీధిలోకొచ్చారు. 1988 ఆగస్టు 8న దేశమంతా లేచింది. వాళ్ళ చేతిలో ఎర్రగుడ్డ మీద ఆ రెండో నెమలి, మీదికొచ్చే నెమలి. ఆ ఏడు పుట్టిన ఆంగ్ సాన్ సూచీ పార్టీ జెండాకి కూడా అదే నెమలి దిగింది, పసుపు రంగులో, తెల్ల నక్షత్రం మీదికి ఉరుకుతున్నట్టు. సైన్యం వేల మందిని చంపింది. 

2010 అక్టోబర్ 21న, ఎన్నికలకి రెండు వారాల ముందు, సైనిక ప్రభుత్వం ఉన్నట్టుండి జెండా మార్చింది. మధ్యాహ్నం మూడు గంటలకి. పాత జెండాని మంగళవారం పుట్టినవాళ్ళు దించాలి, కొత్తదాన్ని బుధవారం పుట్టినవాళ్ళు ఎగరెయ్యాలి, దించినవన్నీ కాల్చెయ్యాలి అని ఆజ్ఞ.  కొత్త జెండా ఏమిటి? పసుపు, ఆకుపచ్చ, ఎరుపు. 1930 నాటి ఆ మూడు రంగులే. నెమలి ఉండాల్సిన చోట ఒక పెద్ద తెల్ల నక్షత్రం. చిన్న చుక్కలు లేవు. నెమలి పెడితే ఎదురుపక్షానికి బలం, అందుకనే కాబోలు నెమలి లేదు. ఒక్క నక్షత్రం, దేశమంతా ఒక్కటే అని. షాన్‌ల చందమామ జెండా పక్కన పెట్టి చూస్తే, తేడా మధ్యలో బొమ్మే.

2021 ఫిబ్రవరి 1న సైన్యం మళ్ళీ కూలదోసింది. ఈసారి జనం పట్టిన గుర్తులు చూడండి. రాత్రి ఎనిమిదింటికి గిన్నెలూ మూకుళ్ళూ వాయించారు, దయ్యాల్ని తరమడానికి వాళ్ళ పాత ఆచారం. మూడు వేళ్ళెత్తి దండం పెట్టారు. అది ఒక హాలీవుడ్ సినిమాలోంచి థాయిలాండ్ మీదుగా వచ్చింది. ఐక్యరాజ్యసమితిలో వాళ్ళ రాయబారే సభలో మూడు వేళ్ళెత్తాడు. ఇవన్నీ ఒకెత్తు. నాకు నచ్చింది మార్చి నెలలో ఆడవాళ్ళు చేసిన పని. అక్కడ ఆడవాళ్ళు కట్టే లుంగీని తమెయిన్ అంటారు. దాని కింద నడిచిన మగవాడి తేజస్సు పోతుందని అక్కడి నమ్మకం. మన ఇళ్ళల్లో కూడా దండెం మీద చీర కింద దూరకురా అని ముసలమ్మలు కేకలేస్తారు గదా, అలాంటిదే. వీధికి అడ్డంగా తాళ్ళు కట్టి, కట్టి విప్పిన తమెయిన్‌లు ఆరేశారు. తుపాకీలతో వచ్చిన సైనికులు ఆగిపోయారు. లారీ ఎక్కి, కర్రలతో, ముందు వాటిని దించి, అప్పుడు కదిలారు. మార్చి 8న, మహిళా దినోత్సవం నాడు, ఆ తమెయిన్‌లనే కర్రలకి కట్టి జెండాలుగా పట్టుకుని నడిచారు.

ఆ నెల్లోనే ఒక సాయంత్రం టీవీలో ఇది వస్తుంటే పెద్దమ్మ ఇంట్లో ఉన్నాను. ఆవిడకి ఎనభై దాటాయి, కళ్ళు మసకే. టీవీకి బారెడు దూరంలో ముక్కాలిపీట వేసుకుని కూర్చుంది. వీధిలో గుడ్డలు చూసి చాలాసేపు నవ్వింది. "దండెం మీద లుంగీకి బయపడిపోనారు సూడు, మొగోల్లు" అంది. అంతలో ప్రభుత్వ భవనం మీద జెండా చూపించారు. పసుపు, ఆకుపచ్చ, ఎరుపు, నక్షత్రం.

"ఇదే దేశంది?"

"రంగందే పెద్దమ్మా. జెండా మార్చేశారు."

దగ్గరికి జరిగి చూసింది. టీవీ మీద వేలు పెట్టి నక్షత్రం చుట్టూ తిప్పింది.

"పెద్ద సుక్క ఉంది గదా. మరి ఆ సిన్న సుక్కలు ఏటైపోనాయిరా?"

నేను చెప్పేలోపల వార్తలు క్రికెట్‌కి వెళ్ళిపోయాయి. ఆవిడ మనవరాల్ని కేకేసి, చీకటి పడతంది, దండెం మీద గుడ్డలు తీసుకురమ్మంది.